మెట్టసీమలో ఓడ రేడియో

నల్లగొండ, మహబూబ్‌నగరు జిల్లాలకు సముద్రము లేదు. ఎటు చూచినను రాతిగుట్టలు, తాటిచెట్లు, చెరువులు. అట్టి మెట్టసీమలో ఓడ రేడియోకు పని యేమి?

ఓడ రేడియో పాటలు వినిపించునది కాదు. మాటను పంపుటకును, గ్రహించుటకును ఏర్పడిన యంత్రము. 1999 ఫిబ్రవరి 1వ తేదీ నుండి పెద్ద నౌకలలో, ఉపగ్రహములను గూడ వినియోగించు క్రొత్త ఆపద్రక్షణ పద్ధతి పూర్తిగా అమలులోనికి వచ్చినది. పాత యంత్రములు పెక్కు మూలబడినవి. అయినను అవి ఉప్పుగాలికి, కుదుపులకు ఓర్చునట్లు చేయబడినవి. 12 వోల్టులతో నడచు యంత్రమునకు ట్రాక్టరు బ్యాటరీ చాలును. కరెంటు పోయినను మాట ఆగదు.

ఔత్సాహికముగా రేడియో నడుపువారిని 'హామ్‌లు' అందురు. వారు ఇట్టి యంత్రమును మార్చి వాడుకొందురు. తరంగము సెకనుకు ఎన్నిమారులు ఊగునో ఆ సంఖ్యయే పౌనఃపున్యము. నౌకలకు కేటాయించిన వానిలో ఒకటి 6,200 నుండి 6,525 కిలోహెర్ట్జుల వరకు గలదు. మన దేశమున హామ్‌లకు 7,000 నుండి 7,200 వరకు అనుమతి గలదు. ఈ రెంటికిని దూరము కొంచెమే. పాత యంత్రములలో ఒక్కొక్క పౌనఃపున్యమునకు ఒక్కొక్క స్ఫటికపు బిళ్ల యుండును. ఆ బిళ్లను మార్చి, లోపలి తీగచుట్టలను దానికి తగినట్లు సరిదిద్దవలెను.

ఓడపై ఏరియల్‌కు సముద్రపు ఉప్పునీరే మంచి ఎర్తు. మెట్టసీమ రాతినేల విద్యుత్తును బాగుగా ప్రసరింపనీయదు. కావున ఇచ్చట సుమారు 10 మీటర్ల తీగలు రెండింటిని ఇరువైపులకు లాగి, రెండు చెట్ల నడుమ త్రాళ్లతో కట్టుదురు. ఒక తీగకు రెండవది జతయై, ఎర్తుతో పనిలేకుండ చేయును.

యంత్రమును మార్చుటకంటె నియమపాలనము ముఖ్యము. 2,182 కిలోహెర్ట్జులు నౌకల ఆపదపిలుపునకు ప్రత్యేకింపబడినవి. ఆ బిళ్లను తీయక, పరీక్షకై మీట నొక్కినచో, ప్రాణాపాయమున నున్నవాని కేక అణగిపోవచ్చును. కనుక దానిని ముందుగా తొలగింపవలెను. కేంద్రప్రభుత్వ పరీక్షలో నెగ్గి, లైసెన్సు పొందిన పిమ్మటనే మాటాడవలెను. 12 ఏండ్లు నిండిన విద్యార్థులును ఈ పరీక్షకు అర్హులే.

2004 డిసెంబరు 26న సునామీ అండమానులను తాకినపుడు టెలిఫోనులు తెగిపోయినవి. హైదరాబాదులోని జాతీయ ఔత్సాహిక రేడియో సంస్థకు చెందిన శ్రీమతి భారతీ ప్రసాద్ అప్పుడు పోర్ట్‌బ్లెయిరులో నుండిరి. ఆమె బృందము హామ్ రేడియో ద్వారా అచ్చటి క్షేమసమాచారములను ప్రధానభూమికి చేర్చినది.

ఆపద సముద్రతీరమునకే రాదు. 2009 అక్టోబరులో తుంగభద్ర, కృష్ణ పొంగగా నాటి మహబూబ్‌నగరు జిల్లాలోని అలంపురము నీట మునిగినది. అట్టి దినమున, నేర్పును నియమమును గలవాని చేతిలో నున్న పాత ఓడ రేడియో, మెట్టసీమలోను ప్రాణములు నిలుపగలదు.

ప్రశ్నలు
1. ఓడ రేడియోను హామ్‌లకు అనువుగా ఎట్లు మార్తురు?
2. మెట్టసీమలో రెండు తీగల ఏరియల్ ఏల కట్టుదురు?
3. 2,182 కిలోహెర్ట్జుల బిళ్లను ముందుగా ఏల తొలగింపవలెను?