సభ్యత్వం వేరు, స్వామ్యం వేరు
(సహకార గృహనిర్మాణ సంఘాల వివాదాలపై ఒక పరిశీలన)

తెలుగు బోధించే మా వద్దకు విద్యార్థులు ఛందస్సులోని సందేహాలతోపాటు అప్పుడప్పుడు ఇంటి కాగితాలను కూడా తీసుకొని వస్తుంటారు. ఒక విద్యార్థిని గృహనిర్మాణ సంఘం వారి పాత రసీదుల కట్టను మా ముందుంచి, “నామినీగా నాన్నగారు అన్నయ్య పేరు వ్రాశారు. ఇక ఆ స్థలంలో అమ్మకూ నాకూ ఏమీ లేనట్లేనా మాస్టారూ?” అని అడిగినది. ఆ ప్రశ్నకు సమాధానం వెదికే ప్రయత్నమే ఈ వ్యాసం.

1844లో ఇంగ్లండు దేశపు రాచ్‌డేల్ పట్టణంలో నేతపనివారు మొదలైన శ్రామికులు కలిసి తెరచిన దుకాణం ఆధునిక సహకారోద్యమానికి దారి చూపినది. మన దేశంలో తొలి సహకార చట్టం 1904లో వచ్చినది. 1909లో బెంగుళూరులో గృహనిర్మాణ సహకార సంఘం ఏర్పడినది. ఒక్కరి వల్ల కాని పనిని పదిమంది కలిసి సాధించుట దీని మూలసూత్రం.

మన కాకినాడకు ఓడరేవు, కళాశాలలు, తరువాత ఎరువుల కర్మాగారాలు తోడై, పట్టణం రమణయ్యపేట, సర్పవరం వైపు విస్తరించినది. నెలజీతంపై బ్రతికే గుమాస్తా, ఉపాధ్యాయుడు ఒంటరిగా స్థలం కొనుట కష్టం. ఇటువంటివారు సంఘంగా చేరి, ఎకరాల లెక్కన భూమిని కొని, గజాల లెక్కన పంచుకొనవచ్చును. అయితే ఎకరానికి 4,840 చదరపు గజాలే. అందులో రోడ్లకు, ఉమ్మడి అవసరాలకు పోగా మిగిలినదే సభ్యులకు. స్థలాల సంఖ్యను మించి సభ్యులను చేర్చుకొన్న నాడే వివాదానికి బీజం పడుతున్నది.

ఇక్కడ మూడు దశలను వేరుగా గుర్తించవలెను. మొదటిది సభ్యత్వం. వాటా సొమ్ము చెల్లించినవారికి ఓటుహక్కు, సంఘపు నియమావళి ఇచ్చే ఇతర హక్కులు లభిస్తాయి. సంఘంలో చేరిన సభ్యునికి చట్టమూ నియమావళీ ఇచ్చిన హక్కులు తప్ప వేరు హక్కులు లేవని సుప్రీంకోర్టు 1985లో పంజాబు సహకార సంఘాల వ్యాజ్యంలో చెప్పినది. రెండవది కేటాయింపు. ఫలానా నంబరు స్థలం ఫలానా సభ్యునికని సంఘం నిర్ణయించుట. మూడవది రిజిస్టరైన విక్రయ దస్తావేజు. రసీదులెన్ని ఉన్నా, కేటాయింపు పత్రం ఉన్నా, ఈ మూడవ మెట్టు ఎక్కనిదే స్వామ్యం సిద్ధించదు. కేవలం అగ్రిమెంటు, జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ పత్రాలతో స్థలం చేతులు మారదని 2011లో సుప్రీంకోర్టు స్పష్టం చేసినది.

సభ్యుని హక్కు సంఘపు హక్కును మించజాలదు. హైదరాబాదు పరిధిలో శాసనసభ్యులు, అధికారులు, పాత్రికేయులు మొదలైనవారి గృహనిర్మాణ సంఘాలకు ప్రభుత్వం చేసిన భూకేటాయింపులను 2024 నవంబరు 25న సుప్రీంకోర్టు రద్దు చేసి, వారు చెల్లించిన సొమ్మును వడ్డీతో వాపసు చేయవలెనని ఆదేశించినది. ఏళ్ల తరబడి నిరీక్షించిన సామాన్య సభ్యునికి సొమ్ము తిరిగి రావచ్చును గాని, నిరీక్షించిన కాలం తిరిగి రాదు. కనుక సభ్యుడు తన రసీదుతోపాటు సంఘపు భూమి పత్రాలనూ చూడవలెను.

ఇక మా విద్యార్థిని ప్రశ్న. సభ్యుడు మరణిస్తే సంఘం ఎవరితో వ్యవహరించవలెనో తెలుపుటకే నామినీ. 2016లో పశ్చిమ బెంగాలుకు చెందిన ఒక వ్యాజ్యంలో, సంఘం నామినీ పేరనే బదిలీ చేయవలెనని చెప్పిన సుప్రీంకోర్టు, మిగిలిన వారసులు తమ వారసత్వపు హక్కును వేరుగా సాధించుకొనుటకు దారి మూయలేదు. ఉదాహరణకు, 240 గజాల స్థలం విడిచి ఒక ముస్లిం గృహస్థు మరణించెననుకొందము. వీలునామా లేదు, అప్పులు తీరినవి, తల్లిదండ్రులు జీవించి లేరు. భార్య, ఒక కుమారుడు, ఒక కుమార్తె ఉన్నారు. భార్యకు ఎనిమిదవ వంతు, అనగా 30 గజాలు. మిగిలిన 210లో కుమారునికి 140, కుమార్తెకు 70. అదే హిందూ కుటుంబమై, స్థలం స్వార్జితమైతే, 1956 చట్టం ప్రకారం ముగ్గురికీ తలా 80 గజాలు. ఏ లెక్కలోనూ నామినీ అనే కారణంగా ఒక్క గజం కూడా అదనంగా రాదు.

వివాదం తలెత్తితే ఎక్కడికి పోవలెను? 1964నాటి సహకార సంఘాల చట్టం కింద నమోదైన సంఘానికీ సభ్యునికీ మధ్య, సంఘ వ్యవహారాలకు సంబంధించిన తగవులు 61వ సెక్షను ప్రకారం రిజిస్ట్రారు ముందుకు పోవలెను. అటు పిమ్మట సహకార ట్రిబ్యునల్ ఉన్నది. 1995 చట్టం కింద నమోదైన సంఘాలకు పద్ధతి వేరు. వారసుల మధ్య వాటాల తగవు మాత్రం సివిల్ కోర్టుది. తలుపు తప్పుగా తట్టినవారు సంవత్సరాలు పోగొట్టుకొంటారు.

మేము చెప్పిన లెక్కను ఆ విద్యార్థిని తన నోటు పుస్తకంలో వ్రాసుకొన్నది. “అన్నయ్యకు చూపిస్తాను, మాస్టారూ. ఆయనకూ తెలియదేమో” అన్నది. ఆ మాట మాకు నచ్చినది. తగవులలో చాల భాగం దురాశ వల్ల గాక తెలియమి వల్ల పుట్టుచున్నవని మా అనుభవం. కావున విద్యార్థులారా, ఈ సెలవులలో ఇంటి పెట్టెలోని కాగితాలను తల్లిదండ్రుల సమక్షంలో ఒకసారి చదవండి. రసీదులు వరుసగా ఉన్నవా, దస్తావేజు రిజిస్టరైనదా, నామినీ ఎవరు, వారసులెవరు అని విచారించండి. అర్థం కాని మాట ఉంటే మా వద్దకు తీసుకొని రండి.