చార్మినారు నుండి బార్కసు వరకు

హైదరాబాదు నగరమునకు దక్షిణమున, బెంగుళూరు పోవు రహదారిమీద శంషాబాదు అను ఊరు కలదు. 2008వ సంవత్సరము మార్చి నెలలో ఇచ్చట క్రొత్త విమానాశ్రయము తెరువబడినది. అంతకుముందు నగరము నడుమనున్న బేగంపేటలో దిగుచుండిన ప్రయాణికులు నాటినుండి శంషాబాదులోనే దిగుచున్నారు. వీరిలో కొందరు బంధువులను చూడ వత్తురు. కొందరు వ్యాపారమునకు, కొందరు వైద్యమునకు వత్తురు. ఇటీవలి కాలమున మరియొక విధమైన యాత్రికులు కూడ వచ్చుచున్నారు. వీరు కోటలకంటె ముందుగా కొలుములను చూడగోరుదురు. ఊరిలోని జనులు ఏమి తిందురు, దానిని ఎట్లు వండుదురు, అది ఎచ్చటినుండి వచ్చినది అని తెలిసికొనుట వీరి కోరిక. ఐక్యరాజ్యసమితికి చెందిన యునెస్కో సంస్థ 2019లో హైదరాబాదును ఆహారకళకు పేరుపొందిన నగరముల పట్టికలో చేర్చిన పిమ్మట ఇట్టివారి రాక మరింత సహజమైనది.

ఇట్టి యాత్రికులను వెంటబెట్టుకొని, వీధివీధి నడిపించి, అంగడి అంగడికడ ఆగి, కొంచెము కొంచెము రుచి చూపించుట కొందరికి వృత్తి యైనది. దీనిని నగరవాసులు ‘ఫుడ్ వాక్’ అందురు. తెలుగున రుచుల నడక అనవచ్చును. హోటలులో బల్లముందు కూర్చుండిన అన్నియు వచ్చును గదా, నడక యేల అని అడుగువారు లేకపోలేదు. బల్లమీదికి వచ్చునది వంటకము మాత్రమే. దానిని చేసిన చేయి, కాల్చిన పొయ్యి, నలుగగొట్టిన రోకలి వీధిలోనికి పోయినగాని కనబడవు. పైగా పాతబస్తీ సందులు కాలినడకకు తగినవేగాని బండ్లకు తగినవి కావు.

మంచి మార్గదర్శి మొట్టమొదట ఒక ప్రశ్న అడుగును: ఎవరెవరు ఏమేమి తినరు? మాంసము ముట్టనివారు ఉందురు. కొన్ని మాంసములు మాత్రము విడిచినవారు ఉందురు. వేరుసెనగ, పాలు సరిపడనివారును ఉందురు. ఈ ప్రశ్న అడుగక బయలుదేరినవాడు వాగ్ధాటి ఎంత కలవాడైనను ఈ పనికి తగడు.

నడక తెల్లవారుజామున చార్మినారు వద్ద మొదలగును. 1591లో మహమ్మద్ కులీ కుతుబ్ షా కట్టించిన ఈ కట్టడము చుట్టును నాలుగు దిక్కులకు నాలుగు బాటలు పోవును. ఆ వేళ గాజుల దుకాణములు ఇంకను తెరువబడవు. కాని నహారి దొరకు హోటళ్ళలో మాత్రము దీపములు వెలుగుచుండును. గొఱ్ఱె కాళ్ళను రాత్రియంతయు సన్నని సెగమీద ఉడికించి చేయు పులుసే నహారి. ‘నహార్’ అనగా అరబ్బీ భాషలో పగలు. పగటికి ముందుగా తినునది గనుక దీనికా పేరు వచ్చినది. చలికాలపు ఉదయమున ఈ పులుసు త్రాగి పనిలోనికి పోవు కూలివాండ్రు, పోలీసువారు, వ్యాపారులు ఒకే బల్లకడ కూర్చుండుట చూడదగిన దృశ్యము.

నహారికి తోడు కుల్చా యను రొట్టె. పులియబెట్టిన మైదాపిండి ముద్దను చేతితో సాగదీసి, గూనవలె నున్న మట్టిపొయ్యి లోపలిగోడకు చఱచి అంటింతురు. రెండు మూడు నిమిషములలో అది ఉబ్బును. ఇనుప చువ్వతో దానిని ఊడదీయుట ఆలస్యమైనచో నిప్పులలో పడును. ఈ పని చేయువాని ముంజేతులు వేడికి కమిలి నల్లబడి యుండును. పురానీ హవేలీ ప్రాంతమున నాలుగు మూలలు గల నాన్ రొట్టెలను కూడ ఇట్లే కాల్చుదురు.

కుల్చా పేరు చెప్పగనే ఒక కథ వచ్చును. మొదటి నిజాము దక్కనుకు రాకముందు ఔరంగాబాదు సాధువగు నిజాముద్దీన్‌ను దర్శించెనట. ఆయన పసుపుపచ్చని గుడ్డలో కట్టిన కుల్చాలను పెట్టగా నిజాము ఏడింటిని తినెనట. “నీ వంశమువారు ఏడు తరములు ఏలుదురు” అని సాధువు పలికెనట. అసఫ్‌జాహీల జెండా పసుపుపచ్చగా నుండుటకును, దాని నడుమ గుండ్రని గుర్తు ఉండుటకును ఇదే కారణమని చెప్పుదురు. 1724లో ఆరంభమైన ఆ రాజ్యము ఏడవ నిజాము కాలమున, 1948లో ముగిసినది గనుక కథ విన్నవారు అబ్బురపడుదురు.

కథ వినుటకు ఇంపుగా నున్నది. కాని చరిత్రపుటలు త్రిప్పినచో చిక్కు కనబడును. మొదటి నిజాము 1748లో మరణించెను. రెండవ నిజాముగా లెక్కింపబడు నిజాం అలీఖాన్ 1762లో గాని గద్దె నెక్కలేదు. నడుమ నాసిర్ జంగ్, ముజఫ్ఫర్ జంగ్, సలాబత్ జంగ్ అను ముగ్గురు ఏలిరి. వారిని వరుసలో చేర్చు ఆచారము లేదు; చేర్చినచో ఏలినవారు పదిమంది యగుదురు. కావున ఏడు కుల్చాల కథ ఏడుగురు నిజాముల లెక్క స్థిరపడిన తరువాత పుట్టినదో, పెరిగినదో కావచ్చును. మార్గదర్శులలో తేడా ఇచ్చటనే తెలియును. ఒకడు కథ చెప్పి చప్పట్లు కొట్టించుకొని ముందునకు సాగును. మరియొకడు కథయు చెప్పును, లెక్కయు చెప్పును. రెండవవాని వెంట నడచినవారికి కుల్చా రుచి ఏమియు తగ్గదు.

అచ్చటికి సమీపమున గుల్జార్ హౌజ్ చుట్టుపట్ల తోపుడుబండ్లమీద ఇడ్లీలు, దోసెలు వేయువారు కలరు. వెన్నయు కారప్పొడియు దండిగా వేసి ఇత్తురు. మాంసము ముట్టనివారికి ఇచ్చట ఆకలి తీరును. పాతబస్తీ తిండి యనగా ఒక్క మాంసమే యనుకొని వచ్చినవారికి ఈ బండ్లముందు గుమికూడిన జనమే జవాబు.

ఇక ఇరానీ చాయ. పందొమ్మిదవ శతాబ్ది చివరను, ఇరువదవ శతాబ్ది మొదటను ఇరాను దేశమునుండి బొంబాయికి, అచ్చటినుండి హైదరాబాదునకు వచ్చిన కొన్ని కుటుంబములవారు చాయ్‌ఖానాలు పెట్టిరి. పాలరాతి పలకలు పరచిన బల్లలు, కట్టె కుర్చీలు, మూలమీద దుకాణము వీని గుర్తులు. తేయాకు కషాయమును మూతపెట్టిన పాత్రలో చాలసేపు మరగించుదురు. పాలను వేరుగా చిక్కబడువరకు కాచుదురు. అడిగినప్పుడే రెంటిని కప్పులో కలుపుదురు. విచిత్రమేమనగా ఇరానువారు తమ దేశమున తేనీటిలో పాలు కలుపరు. చక్కెర పలుకుతో నల్లని తేనీరే త్రాగుదురు. పేరు ఇరానుది, పాలు మాత్రము ఈ ఊరి గేదెలవి. పరదేశమునకు వచ్చి అంగడి పెట్టినవాడు తన నాలుకకంటె ముందుగా కొనువాని నాలుకను కనిపెట్టవలెను గదా!

చాయతో తిను ఉస్మానియా బిస్కత్తు కొంచెము ఉప్పగా, కొంచెము తియ్యగా నుండును. ఉస్మానియా ఆసుపత్రిలోని రోగులకొరకు చేసినందున ఆ పేరు వచ్చినదని కొందరు, ఏడవ నిజాము మీర్ ఉస్మాన్ అలీఖాన్‌కు ప్రియమైనందున వచ్చినదని కొందరు చెప్పుదురు. ఆసుపత్రి పేరును ఆ నిజాముదే గనుక తగవు పెద్దది కాదు.

అన్నిటికంటె ఎక్కువసేపు నిలువదగిన చోటు హలీము వండు భట్టీ. రంజాను నెలలో నగరమంతటను ఇటుకలతో, మట్టితో భట్టీలు కట్టి పెద్ద డేగిసాలు ఎక్కింతురు. నానవేసిన గోధుమలు, మాంసము, పప్పులు, సుగంధద్రవ్యములు, నెయ్యి అందు ఉడుకును. ఉడికిన చాలదు. ఇద్దరు మనుష్యులు ఎదురెదురుగా నిలిచి, ‘ఘోట్నీ’ యను పొడవైన కట్టె రోకళ్ళతో దానిని కుమ్ముచుందురు. గోధుమ ఏదో మాంసమేదో తెలియనంతగా కలిసి, సాగునంతవరకు కుమ్మవలెను. ఈ పని అంతయు ముగియుటకు సుమారు పండ్రెండు గంటలు పట్టును. క్రింద కట్టెల మంట, పైన ఎండ. చాలమంది ఉపవాసముండియే ఈ పని చేయుదురు. నీరు సైతము త్రాగని వారి పెదవులు ఎండి యుండును. యాత్రికులు ఫొటోలు తీయుటకు ముందు వారి అనుమతి అడుగవలెనని మార్గదర్శి చెప్పుట అందుకే. అది వారి పనిచోటు, ప్రదర్శనశాల కాదు. 2010లో హైదరాబాదు హలీమునకు భౌగోళిక గుర్తింపు లభించినది. మన దేశమున మాంసాహారములలో ఈ గుర్తింపు మొదట పొందినది ఇదియే.

హలీము పుట్టిల్లు చూడవలెనన్నచో చార్మినారు విడిచి, ఫలక్‌నుమా, చాంద్రాయణగుట్ట దాటి దక్షిణముగా రావలెను. అంతదూరము నడచువారు అరుదు, బండి యెక్కుదురు. అచ్చట శ్రీశైలము పోవు బాటమీద బార్కసు అను పేట ఉన్నది. విమానాశ్రయమునకు మరలిపోవువారికి ఇది దారియే. ‘బ్యారక్సు’ అను ఇంగ్లీషు మాట నోళ్ళలో పడి బార్కసు అయినది. నిజాము కొలువులోని అరబ్బు సైనికులు ఇచ్చట నివసించిరి. వీరి పూర్వులు యెమెను దేశపు హద్రమౌత్ ప్రాంతమునుండి వచ్చినవారు. వీరిని చావుషులు అందురు. 1948 తరువాత ఆ సేనలు రద్దయినవి. కత్తి పోయిన కుటుంబములు ఏదో ఒక చిన్న వ్యాపారము చూచుకొనవలసి వచ్చినది. బార్కసు జామపండ్లు నగరమంతటను పేరుపొందినవి. పెద్దపళ్ళెరములో అన్నముమీద మాంసము పెట్టి, నలుగురు చుట్టును కూర్చుండి తిను ‘మందీ’ కూడ వీరి దేశపు వంటయే.

బార్కసులో తెల్లవారుజామున ‘హరీస్’ దొరకును. గోధుమ, మాంసము, ఉప్పు, నెయ్యి, అంతియే. మసాలాల సందడి లేదు. చక్కెర వేసికొని తియ్యగా తినువారును కలరు. వేయి సంవత్సరములకు పూర్వము బాగ్దాదులో వ్రాయబడిన పాకశాస్త్ర గ్రంథములో హరీస్ వండు విధానము కలదు. ఆరవ, ఏడవ నిజాముల కాలమున ఇది అరబ్బుల ఇండ్లనుండి నగరములోనికి ప్రవేశించినది. హద్రమౌత్‌కు చెందిన సుల్తాన్ సైఫ్ నవాజ్ జంగ్ విందులవలన దీనికి ప్రచారము కలిగినదని చెప్పుదురు. నగరపు వంటవారు దీనికి మిరియములు, ఏలకులు, వేయించిన ఉల్లి, పుదీన, నిమ్మరసము చేర్చిరి, హరీస్ హలీమయ్యెను. చార్మినారు దగ్గర హలీము తిని వచ్చినవారికి ఈ చప్పని హరీస్ మొదట రుచింపదు. రెండవ ముద్దకు గోధుమ తీపి నాలుకకు తెలియును.

బార్కసు యువకులు పెక్కుమంది తాతలు ఓడలెక్కి వచ్చిన దిక్కునకే ఉద్యోగములకై విమానములలో పోవుచున్నారు. రంజాను దినములలో హైదరాబాదు హలీమును డబ్బాలలో మూసి విదేశములకు పంపుదురు. పండ్రెండు గంటలు కుమ్మిన ఆ గోధుమయు మాంసమును శంషాబాదులో విమానమెక్కి, కొన్ని గంటలలో అరబ్బు దేశమున దిగును.