మందు చీటీయే మీ సాక్షి

తిరుచానూరులో పద్మసరోవరానికి పోయే దోవలో పూలమ్ముకునే ఒక పెద్దావిడను ఊహించుకుందాం. తెల్లవారుజాము నుంచి పొద్దుగూకే దాకా కూర్చున్న చోటే కూర్చునే పని. మోకాళ్లు పట్టేస్తాయి. వీధి చివరి వైద్యుడి దగ్గరకు పోతే ఒక సూది వేసి, కాగితం పొట్లంలో చిన్న చిన్న మాత్రలు పోసిచ్చాడు. "పొద్దున సూదేస్తే సాయంకాలానికి నొప్పి యాడికి పోయిందో తెలీలా నాయనా" అంటుందామె. కార్తీక బ్రహ్మోత్సవాలు దగ్గర పడ్డాయి. పంచమి తీర్థం నాటికి బేరం ఊపిరి సలపనివ్వదు. పొట్లం అయిపోగానే ఇంకో పొట్లం తెచ్చుకుంది.

ఆరు నెలలకు మొహం గుండ్రంగా ఉబ్బింది. చూసినవాళ్లు ఒళ్లు చేసిందన్నారు. పరీక్ష చేయిస్తే షుగరు, బీపీ రెండూ ఎక్కువే. భయపడిన కోడలు మాత్రలన్నీ ఒక్కసారిగా ఆపించేసింది. నాలుగు రోజులకు వాంతులు, నీరసం. అయిదో రోజు కళ్లు తిరిగి పడిపోయింది. పెద్దాసుపత్రిలో డాక్టరు మొదట అడిగింది ఒకటే: "ఇన్నాళ్లూ ఏం మందు వాడారు? చీటీ ఉందా?"

చీటీ లేదు. పొట్లం మీద పేరూ లేదు. రేపు వినియోగదారుల కమిషన్ మెట్లెక్కినా అక్కడా ఇదే ప్రశ్న ఎదురవుతుంది. ఈ మనిషి కల్పితమే గాని, ఇలాంటి పొట్లాలు కల్పితం కావు.

ముందు ప్రాణం, తర్వాత కేసు

న్యాయ సలహా శీర్షికలో మొదటి మాట వైద్యం గురించి చెప్పాల్సి వస్తోంది. ఇది చదివి మీ ఇంట్లో ఎవరైనా వాడుతున్న స్టెరాయిడ్‌ను ఈ పూటే ఆపేయకండి. ప్రెడ్నిసొలోన్, డెక్సామెథసోన్, బెటామెథసోన్ వంటి స్టెరాయిడ్లు చెడ్డ మందులు కావు. ఉబ్బసం, లూపస్, పిల్లల్లో నెఫ్రోటిక్ సిండ్రోమ్ వంటి జబ్బుల్లో అవి ప్రాణదాతలు. కార్టిసోన్ పరిశోధనకు 1950లో నోబెల్ బహుమతి దక్కింది. 2020లో ఆక్సిజన్ అవసరమైన కోవిడ్ రోగుల్లో మరణాలను డెక్సామెథసోన్ తగ్గించిందని బ్రిటన్‌లో జరిగిన రికవరీ పరిశోధన తేల్చింది. ఆ మరుసటి ఏడాదే నాణేనికి రెండోవైపు కూడా చూశాం. షుగరు అదుపులో లేనివారికి స్టెరాయిడ్లు విచ్చలవిడిగా వాడిన చోట బ్లాక్ ఫంగస్ విరుచుకుపడింది. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఆ జబ్బును ఆరోగ్యశ్రీలో చేర్చాల్సి వచ్చింది.

మూత్రపిండాల మీద టోపీల్లా ఉండే అడ్రినల్ గ్రంథులు రోజూ కార్టిసాల్ అనే హార్మోన్ తయారు చేస్తాయి. అదే పని చేసే మందు బయటి నుంచి వారాల తరబడి అందితే, మూడు పూటలా అన్నప్రసాదం దొరికే ఇంట్లో పొయ్యి వెలిగించనట్టు, గ్రంథి తన పని మానుకుంటుంది. మందు హఠాత్తుగా ఆపేస్తే ఇటు ప్రసాదమూ ఉండదు, అటు పొయ్యీ వెలగదు. రక్తపోటు పడిపోతుంది, చక్కెర తగ్గుతుంది, ప్రాణం మీదికి వస్తుంది. మూడు వారాలకు మించి వాడినవారికి మోతాదును మెట్టు మెట్టుగా దించమని వైద్యులు చెప్పేది అందుకే. జ్వరం, ప్రమాదం, ఆపరేషన్ వంటివి వస్తే, స్టెరాయిడ్ వాడుతున్న సంగతి అక్కడి డాక్టరుకు చెప్పి తీరాలి. ఎముకలు గుల్లబారడం, కంటి శుక్లాలు, తుంటి ఎముక దెబ్బతినడం వంటివి ఆలస్యంగా బయటపడతాయి. కేసుల లెక్కలో ఈ ఆలస్యానికి ఒక ప్రత్యేకత ఉంది. దాని సంగతి చివర్లో చూద్దాం.

మందుల షాపులో మీ హక్కు

స్టెరాయిడ్ మాత్రలు, సూదులు ఔషధ నిబంధనల్లోని షెడ్యూల్ హెచ్ కిందికి వస్తాయి. రిజిస్టర్డ్ డాక్టరు రాసిన చీటీ లేకుండా అమ్మకూడదు. మళ్లీ ఇవ్వవచ్చని డాక్టరు రాయకపోతే అదే చీటీ మీద పదేపదే ఇవ్వకూడదు. పూతమందులకు ఒకప్పుడు మినహాయింపు ఉండేది. తెల్లబడతామని మొహానికి స్టెరాయిడ్ క్రీములు రాసుకుని చర్మం పలచబడి, మానితే ఎర్రగా మండిపోయేవారు ఎక్కువయ్యాక, 2018 మార్చిలో కేంద్రం 14 రకాల స్టెరాయిడ్ పూతమందుల మీద ఆ మినహాయింపును తీసేసింది.

కాబట్టి షాపులో రెండు అడగండి: అట్ట మీదున్న మాత్రలు, బిల్లు. విడి మాత్రలు పొట్లం కట్టిస్తే వద్దనండి. బిల్లులో మందు పేరు, బ్యాచ్ నంబరు ఉండాలి. కొన్న మందు మీద అనుమానం వస్తే, రుసుము కట్టి ప్రభుత్వ విశ్లేషకుడి చేత పరీక్ష చేయించుకునే హక్కును 1940 నాటి ఔషధాల చట్టం 26వ సెక్షన్ మామూలు కొనుగోలుదారుకే ఇచ్చింది. నాటు మందు పేరుతో అమ్మే కీళ్లనొప్పుల పొడి ఒక్క రోజులో అద్భుతం చేస్తే, అందులో స్టెరాయిడ్ కలిసి ఉండొచ్చని అనుమానించండి. మిగిలిన పొడిని పారేయకుండా డబ్బాతో సహా ఔషధ నియంత్రణ శాఖ అధికారులకు అప్పగించి ఫిర్యాదు చేయండి.

వైద్యుడి దగ్గర మీ హక్కు

మన ఊళ్లలో ఆరెంపీ అంటే రిజిస్ట్రేషన్ లేని ఊరి వైద్యుడు, చట్టంలో ఆ మూడక్షరాలకు అర్థం వేరు. చట్టం దృష్టిలో రిజిస్టర్డ్ మెడికల్ ప్రాక్టీషనర్ అంటే మెడికల్ కౌన్సిల్‌లో పేరున్న డాక్టరు. రిజిస్ట్రేషన్ లేకుండా వైద్యం చేస్తే జాతీయ వైద్య కమిషన్ చట్టం 2019లోని 34వ సెక్షన్ కింద ఏడాది వరకు జైలు, లేదా 5 లక్షల రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ పడొచ్చు. డాక్టరు చీటీ మీద రిజిస్ట్రేషన్ నంబరు ఉండాలి. మందు పేరు చదవగలిగేలా రాయాలి. రోగి అడిగితే వైద్య రికార్డులను 72 గంటల్లోగా ఇవ్వాలని 2002 నాటి వైద్య నైతిక నియమావళి చెబుతోంది.

వైద్యం మొదలుపెట్టే ముందు దాని వల్ల లాభమేమిటి, ముఖ్యమైన ప్రమాదమేమిటి, వేరే దారి ఉందా అన్నది రోగికి చెప్పాల్సిన బాధ్యత డాక్టరుదేనని సమీరా కోహ్లీ కేసులో 2008లో సుప్రీంకోర్టు చెప్పింది. అరుదుగా వచ్చే ప్రతి చిన్న ప్రమాదాన్నీ ఏకరువు పెట్టనక్కర్లేదని కూడా అదే తీర్పు అంది. అంచేత మనమే మూడు ప్రశ్నలు అడగడం మేలు: "ఇది స్టెరాయిడేనా సార్? ఎన్నాళ్లు వాడాలి? ఆపేటప్పుడు ఎట్లా తగ్గించాలి?" మూడో ప్రశ్నకు జవాబు చీటీ మీదే రాయించుకోండి.

నోరులేని జీవాలకూ ఇదే న్యాయం

దురదకు స్టెరాయిడ్ సూదులు పదేపదే వేయించుకున్న కుక్క కుండల కొద్దీ నీళ్లు తాగుతుంది, ఇంట్లోనే మూత్రం పోస్తుంది, పొట్ట జారుతుంది, వెంట్రుకలు రాలుతాయి. మందు ఒక్కసారిగా ఆపితే దానికీ మనిషికి జరిగినట్టే జరుగుతుంది. మన ప్రాంతంలో ఎన్నో ఇళ్లకు పాడే ఆధారం కాబట్టి ఇంకో ప్రమాదం తెలియాలి. నెలలు నిండబోయే ఆవుకు డెక్సామెథసోన్ సూది వేస్తే ఈచుకుపోయే ప్రమాదం ఉంది. పాలూ తగ్గుతాయి. సూది వేయబోతుంటే "ఆవు చూడిది" అని చెప్పడం మీ వంతు, చూడి సంగతి అడిగి తెలుసుకోవడం వైద్యుడి వంతు.

1984 నాటి భారత పశువైద్య మండలి చట్టం 30వ సెక్షన్ ప్రకారం పశువైద్యం చేయాల్సింది రిజిస్టర్డ్ పశువైద్యుడే. ప్రభుత్వం అనుమతించిన డిప్లొమా సిబ్బంది చిన్న చిన్న సేవలను పశువైద్యుడి పర్యవేక్షణలో చేయొచ్చు. తిరుపతిలో 1955 నుంచీ పశువైద్య కళాశాల ఉంది. పల్లెకు సంచార పశువైద్య వాహనం కావాలంటే 1962కు ఫోన్ చేయొచ్చు. డబ్బు తీసుకుని పశువుకు చేసిన వైద్యంలో లోపం ఉన్నా వినియోగదారుల కమిషన్‌కు వెళ్లొచ్చు. పాలు అమ్ముకుంటున్నారు కాబట్టి అది వ్యాపారమని ఎదుటివారు వాదించొచ్చు. సొంత కష్టంతో బతుకుదెరువు కోసం చేసే పనిని వినియోగదారుల రక్షణ చట్టం వ్యాపార అవసరంగా లెక్కించదు.

కేసు దాకా వస్తే

దుష్ఫలితం కనబడిన ప్రతి చోటా నిర్లక్ష్యం ఉన్నట్టు కాదు. సరైన జబ్బుకు సరైన మోతాదులో ఇచ్చినా స్టెరాయిడ్ వల్ల షుగరు పెరగొచ్చు. అవసరం లేకుండా ఇవ్వడం, మోతాదు మించడం, పరీక్షలు చేయించకపోవడం, ఎట్లా ఆపాలో చెప్పకపోవడం వంటివి ఉంటేనే కేసుకు బలం.

స్టెరాయిడ్ కేసుల్లో దేశమంతా చెప్పుకునేది అనూరాధ సాహా కేసు. అమెరికాలో ఉండే ఆమె 1998లో కలకత్తా వచ్చినప్పుడు ఒంటి మీద దద్దుర్లు లేచాయి. ఒక్కసారి వేస్తే చాలా రోజులు పనిచేసే డెపో మెడ్రాల్ సూదిని, 80 మిల్లీగ్రాముల చొప్పున, రోజుకు రెండుసార్లు రాశారు. ఆ ఏడాది మే 28న ఆమె కన్నుమూశారు. భర్త కునాల్ సాహా పట్టు వదల్లేదు. 2009లో వైద్యుల నిర్లక్ష్యాన్ని సుప్రీంకోర్టు నిర్ధారించింది. 2013 అక్టోబరు 24న దాదాపు 6 కోట్ల రూపాయల పరిహారం, దానిపై వడ్డీ ఇవ్వాలని తీర్పిచ్చింది. సూది పేరు, మోతాదు చీటీ మీద రాసి ఉన్నాయి కాబట్టే అది మోతాదు మించిందని వాదించగలిగారు.

నిపుణుడైన డాక్టరు సాక్ష్యం లేకపోతే కేసు నిలవదని కొందరు బెదరగొడతారు. హైదరాబాద్‌కు చెందిన వి. కిషన్‌రావు కేసు అందుకు జవాబు. ఆయన భార్యకు మలేరియా వస్తే టైఫాయిడ్‌కు వైద్యం చేశారు. జిల్లా వినియోగదారుల ఫోరం ఇచ్చిన 2 లక్షల పరిహారాన్ని నిపుణుడి సాక్ష్యం లేదంటూ రాష్ట్ర కమిషన్ కొట్టేసింది. ప్రతి కేసులోనూ నిపుణుడి సాక్ష్యం అక్కర్లేదని 2010లో సుప్రీంకోర్టు ఆ పరిహారాన్ని నిలబెట్టింది.

2019 వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం మీరు నివసించే చోటే ఫిర్యాదు వేయొచ్చు. వైద్యం వేలూరులోనో చెన్నైలోనో జరిగినా తిరుచానూరు వాసి తిరుపతిలోనే కేసు వేసుకోవచ్చు. వైద్యానికి చెల్లించిన మొత్తం 5 లక్షల లోపు ఉంటే రుసుము లేదు. వకీలు తప్పనిసరి కాదు. గడువు రెండేళ్లు. తుంటి ఎముక అరుగుదల వంటి ఆలస్యపు హానిలో, తెలిసిన నాటి నుంచే గడువు లెక్కించే వీలుందని శ్రీఖండే కేసులో 2010లో సుప్రీంకోర్టు చెప్పింది. కానీ ఆ కేసు వేసినావిడ ఏళ్ల తరబడి నొప్పి ఉన్నా పట్టించుకోలేదన్న కారణంతో ఓడిపోయింది. అంటే అనుమానం వచ్చిన రోజే పరీక్ష చేయించుకోవాలి.

అందరికీ ఉచితంగా వైద్యం చేసే ఆసుపత్రి ఈ చట్టం కిందికి రాదు. అక్కడ జరిగిన లోపానికి శాశ్వత లోక్ అదాలత్ తలుపు తట్టొచ్చు. ఆసుపత్రి సేవలు దాని పరిధిలో ఉన్నాయి, ఖర్చూ లేదు. ఆడవాళ్లకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం దొరుకుతుంది. ఫోన్ 15100. వినియోగదారుల సలహాకు 1915. రిజిస్టర్డ్ డాక్టరు మీద ఫిర్యాదు రాష్ట్ర మెడికల్ కౌన్సిల్‌కు, చీటీ లేకుండా అమ్మిన షాపు మీద డ్రగ్ ఇన్‌స్పెక్టరుకు ఇవ్వాలి.

ఈ సాయంత్రం ఒక్క పని చేయండి. ఇంట్లో అమ్మ, నాయన, అత్త, మామ వాడే మాత్రలన్నీ ముందు పెట్టుకుని, పేరు లేని పొట్లం ఉందేమో చూడండి. ఉంటే పారేయకండి, హఠాత్తుగా ఆపించకండి. రేపు పొద్దున అదే పొట్లం పట్టుకుని రిజిస్టర్డ్ డాక్టరు దగ్గరకు పోయి, మందు పేరు, మోతాదు, తగ్గించే పద్ధతి చీటీ మీద రాయించుకుని, ఆ చీటీని రేషన్ కార్డు పక్కన దాచండి.