వన్యప్రాణి సంరక్షణ నిధుల పంపిణీ సూత్రం: అమెరికా అనుభవం

వన్యప్రాణుల సంరక్షణకు ప్రభుత్వం ఎంత సొమ్ము ఇచ్చిందన్నది అందరూ అడిగే ప్రశ్న. ఆ సొమ్మును ఏ ప్రాతిపదికన పంచిందన్నది అరుదుగా అడిగే ప్రశ్న. క్షేత్రస్థాయిలో ఏ ప్రాణికి మేలు జరుగుతుందో నిర్ణయించేది చాలావరకు ఈ రెండవదే. అమెరికా సంయుక్త రాష్ట్రాల పద్ధతిని పరిశీలిస్తే ఇది స్పష్టమవుతుంది.

అక్కడి ప్రధాన ఆధారం 1937 నాటి పిట్‌మన్-రాబర్ట్‌సన్ చట్టం. పొడవు తుపాకులు, తూటాలపై 11 శాతం, పిస్తోళ్లు, రివాల్వర్లపై 10 శాతం చొప్పున తయారీదారుల నుంచి వసూలయ్యే ఎక్సైజు సుంకం దీని కింద వన్యప్రాణి నిధికి చేరుతుంది. వేటగాళ్ల శిక్షణకు కేటాయించే భాగాన్ని మినహాయిస్తే, రాష్ట్రాలకు పంచే సొమ్ములో సగం భూవైశాల్యాన్ని బట్టి, సగం రుసుము చెల్లించిన వేట లైసెన్సుదారుల సంఖ్యను బట్టి నిర్ణయమవుతుంది. ఉదాహరణకు, దేశ వైశాల్యంలో 2 శాతం, లైసెన్సుదారులలో 4 శాతం ఉన్న రాష్ట్రానికి 3 శాతం వాటా వస్తుంది. ఏ రాష్ట్రానికీ అర శాతానికి తగ్గదు, 5 శాతానికి మించదు. అందుకే అలాస్కా, టెక్సాస్ వంటి విశాల రాష్ట్రాలు గరిష్ఠ పరిమితి వద్ద ఆగిపోతాయి.

ఈ సొమ్ము ముందుగా చేతికి అందదు. రాష్ట్రం ఖర్చు చేసిన తరువాత అందులో 75 శాతం వరకు కేంద్రం తిరిగి చెల్లిస్తుంది. మిగిలిన 25 శాతం సాధారణంగా లైసెన్సు రుసుముల నుంచి సమకూరుతుంది. ఆ రుసుములను వన్యప్రాణి శాఖ పనులకు తప్ప మరి దేనికీ మళ్లించబోమని రాష్ట్రం ముందే చట్టం చేసి ఉండాలి. చట్టంలో అన్నిటికన్నా బలమైన నిబంధన ఇదే; రాష్ట్ర బడ్జెట్లు కుదించుకుపోయిన సంవత్సరాలలోనూ ఈ సొమ్మును కాపాడింది.

అయితే లైసెన్సుదారుల సంఖ్యే వాటాను నిర్ణయించినప్పుడు శాఖల దృష్టి వేటజంతువులపై నిలవడం సహజం. తెల్లతోక జింక, అడవి టర్కీ తిరిగి విస్తరించడంలో ఈ నిధుల పాత్ర పెద్దది. నాణేనికి రెండవ వైపు, అమలు నిబంధనల ప్రకారం ఈ చట్టంలో వన్యప్రాణి అంటే పక్షులు, క్షీరదాలు మాత్రమే. కప్పకు గానీ, పైరులో పరాగ సంపర్కం జరిపే అడవి తేనెటీగకు గానీ ఇందులో చోటు లేదు. పక్షులను చూడటానికి వెళ్లేవారు, కాలినడక విహారులు ఎందరున్నా సూత్రంలో వారు లెక్కకు రారు. పైగా 2019లో చేసిన సవరణ కొత్త వేటగాళ్లను ఆకర్షించే ప్రచారానికి కూడా ఈ నిధిని వాడుకొనే వీలు కల్పించింది.

ఆరుబయట విహార వసతులకు దారి వేరు. 1965లో అమలులోకి వచ్చిన భూ, జల సంరక్షణ నిధికి సముద్రగర్భ చమురు, సహజవాయువుల ఆదాయం ప్రధాన ఆధారం. రాష్ట్రాల వాటాలో కొంత సమానంగా, మిగిలినది జనాభా ముఖ్యాంశంగా అవసరాన్ని బట్టి పంచుతారు. అందువల్ల నగరాల ఉద్యానాలకూ సొమ్ము చేరుతుంది. ఏటా 90 కోట్ల డాలర్లకు అనుమతి ఉన్నా దశాబ్దాలపాటు అంతకు తక్కువే విడుదలైంది. 2020 నాటి చట్టంతో పూర్తి మొత్తం తప్పనిసరి అయింది.

వేటకు చెందని ప్రాణుల కోసం 2000 తరువాత రాష్ట్ర వన్యప్రాణి గ్రాంట్లు మొదలయ్యాయి. ఇక్కడ మూడింట ఒక వంతు వైశాల్యానికి, రెండు వంతులు జనాభాకు. లైసెన్సుల ప్రసక్తి లేదు. కీటకాలు కూడా ప్రణాళికలలో చేరాయి. సూత్రం సరైనదే, కానీ దాని వెనుక స్థిరమైన సుంకం లేదు. ఏటా కాంగ్రెస్ కేటాయింపు కోసం ఎదురుచూడాలి. ఈ లోటును తీర్చేందుకు ఏటా 130 కోట్ల డాలర్లకు పైగా కేటాయించే బిల్లును 2022 జూన్‌లో ప్రతినిధుల సభ ఆమోదించింది. ఖర్చుకు రాబడి ఎక్కడి నుంచి రావాలన్న విషయంలో ఏకాభిప్రాయం కుదరక అది చట్టం కాలేదు.