పుల్లగూరలో ఏ ఆకుకు ఏ ఆకు తోడు?

ప్రశ్న: మడికట్ల మీద దొరికే దొగ్గలాకు, చెంచలాకు, పాయలాకు, ఇంటి దగ్గరి బచ్చలాకు, మునగాకు కలిపి సంగటిలోకి పుల్లగూర చేస్తుంటాను. ఒకసారి చేదొస్తుంది, ఒకసారి జిగురుగా ఉంటుంది, ఒక్కోసారి బేడలు ఎంతసేపు పెట్టినా ఉడకవు. ఆకులుడికిన నీళ్లు పారబోయమని కొందరు, వద్దని కొందరు అంటున్నారు. ఇంట్లో ఒకరికి మూత్రపిండాల్లో రాళ్లు కూడా ఉన్నాయి. ఎలా చేయమంటారు?
– ఒక పాఠకురాలు, నిమ్మనపల్లె

జవాబు: ఎన్ని రకాల ఆకులు వేశామన్నది కాదు, ఏ ఆకు గుణానికి ఏ ఆకు తోడు దొరికిందన్నదే పుల్లగూరను నిలబెడుతుంది. దొగ్గలాకు, చెంచలాకు చప్పిడి ఆకులు. తమ రుచితో ఎవరినీ ఇబ్బంది పెట్టవు, కూరకు ఒళ్లు ఇస్తాయి. బచ్చలి, పాయలాకు జిగురు పట్టేవి. మునగ, మెంతి, అవిస చేదు వైపు మొగ్గేవి. చుక్కాకు, గోంగూర పులుపు తెచ్చేవి. చప్పిడి ఆకు సగానికి పైగా ఉండాలి. జిగురు ఆకు ఒక పిడికెడు చాలు, అది ఎనిపినప్పుడు బేడలనూ ఆకునూ విడిపోకుండా పట్టి ఉంచుతుంది. చేదు ఆకు అంతకంటే తక్కువ, అదీ లేతది. మీ కూర ఒకసారి చేదుగా, ఒకసారి జిగురుగా రావడానికి కారణం చేతివాటం కాదు, ఆ రోజు దొరికిన ఆకుల పాళ్లు. మునగాకు ముదిరిందా, ఈనెలతో సహా వేశారా అన్నది కూడా చూసుకోండి.

బేడలు ఉడకకపోవడానికి ముఖ్య కారణం పులుపు. పులుపు తగిలితే పప్పుగింజలోని కణాలను పట్టి ఉంచే పదార్థం తొందరగా కరగదు, మంట ఎంత పెంచినా చాలాసేపు పలుకు పలుకుగానే ఉంటుంది. అందుకని చింతపండు గాని టమాటా గాని బేడలు మెత్తబడ్డాకే పడాలి. చుక్కాకు, గోంగూరలకూ ఇదే నియమం. వెనకటికి అన్నీ ఒకే చట్టిలో వేసి ఎనిపేవాళ్లు కదా అని అడగవచ్చు. కట్టెల పొయ్యి మీద సన్నని సెగకు చాలాసేపు ఉడికేది కాబట్టి ఆ పద్ధతి సాగింది. గ్యాసు మీద అరగంటలో అయిపోవాలంటే వరస మార్చుకోక తప్పదు. నలుగురికి చిన్న గ్లాసుడు కందిబేడలు కుక్కర్లో ఉడికించి, ఆకులు, పచ్చిమిరపకాయలు, ఎర్రగడ్డ విడిగా మూత లేని గిన్నెలో మగ్గించండి. మూత తీస్తే ఆకులోంచి వచ్చే ఆవిరితో కొంత పులుపు బయటికి పోయి పచ్చదనం కాస్త నిలుస్తుంది. చివర చింతపండు రసం పోసి, ఉప్పేసి, పప్పుగుత్తితో ఎనిపి, చెనక్కాయల నూనెలో తెల్లగడ్డ, ఎండుమిరపకాయలతో తిరగవాత పెట్టండి. నూనె రుచి కోసమే కాదు. ఆకుల్లో ఉండి మన ఒంట్లో విటమిన్ ఏ గా మారే కెరోటిన్ కొవ్వు తోడుంటేనే బాగా వంటబడుతుంది. మదనపల్లె సీమలో టమాటా చేతికందేదే గనుక చింతపండుకు బదులు అదే వేయాలనిపించడం సహజం. వేయవచ్చు. కాని హైబ్రిడ్ కాయల్లో నీరెక్కువ, పులుపు తక్కువ. జిగురు ఆకు ఎక్కువగా పడిన రోజున చింతపండే మేలు.

నీళ్ల సంగతికి అందరికీ ఒకే జవాబు లేదు. ఉడికే నీళ్లలోకి విటమిన్ సి, ఫోలేట్ దిగిపోతాయి. రాళ్లకు కారణమయ్యే ఆక్సలేటు కూడా అందులోకే దిగుతుంది. ఆరోగ్యంగా ఉన్నవాళ్లు నీళ్లు పారబోయడం నష్టమే. కుప్పం దాటితే వచ్చే కోలారు సీమలో ఆకులు, బేడలు వార్చిన నీళ్లతోనే బస్సారు కాస్తారు, మస్సొప్పులో ఆకునూ బేడలనూ కలిపి ఎనుపుతారు. అమెరికాలో న్యూ ఆర్లీన్స్ నల్లజాతి వంటిళ్లలో ఈస్టరుకు ముందటి గురువారం చేసే ఆకుల గంబోలోనూ రకరకాల ఆకులు కలిపి ఉడికించి ఆ నీళ్లనే పులుసుకు వాడతారు. 2019లో కన్నుమూసిన అక్కడి వంటగత్తె లియా చేజ్ తన హోటల్లో ఏటా ఆ రోజున దాన్ని వడ్డించేవారు. వాళ్లు చిక్కదనం కోసం నూనెలో వేయించిన పిండి కలిపితే మనం బేడలు వేస్తాం. ఇంత దూరాన ఉన్న వంటిళ్లు కూడా ఆకు నీళ్లను విలువైనవిగానే చూశాయి. అయితే మీ ఇంట్లో ఆ ఒక్కరి విషయం వేరు. తోటకూర జాతి ఆకులు, పాలకూర, పాయలాకు, చుక్కాకులలో ఆక్సలేటు ఎక్కువ. చింతపండు దాన్ని పోగొట్టదు. వారికి ఆకును ఎక్కువ నీళ్లలో ఉడికించి వార్చి, అన్నంతోపాటు పెరుగో మజ్జిగో ఇవ్వండి. అందులోని కాల్షియం ఆక్సలేటును పేగుల్లోనే పట్టేస్తుంది. రాళ్లన్నీ ఒక రకమైనవి కావు గనుక, అవి ఏ రకమో డాక్టరును అడిగి తెలుసుకున్నాకే ఎంత తినాలో నిర్ణయించుకోండి.

ప్రశ్న: మందు కొట్టిన టమాటా చేలో కోసిన ఆకును ఉప్పునీళ్లలో కడిగితే సరిపోతుందా?
– ఒక పాఠకుడు, పుంగనూరు

జవాబు: సరిపోదు. పైన అంటుకున్న మందులో కొంత కడిగితే పోతుంది. ఇమిడాక్లోప్రిడ్ లాంటివి మొక్క లోపలికే పాకుతాయి, వాటిని ఉప్పూ చింతపండూ ఏమీ చేయలేవు. మందు డబ్బా మీద రాసిన, కోతకు ముందు ఆగాల్సిన రోజుల లెక్క టమాటా కాయకు సంబంధించినది. గట్టున మొలిచిన చెంచలాకును తింటారని ఆ లెక్క కట్టినవాళ్లు అనుకోలేదు. పైగా పలచని ఆకు తన బరువుతో పోలిస్తే కాయకంటే ఎక్కువ మందు పట్టుకుంటుంది. కలుపు మందు కొట్టిన నేలలో ఆకు అసలే వద్దు.

పెద్దలు చేలో ఆకు తిని బతకలేదా అన్నది బలమైన మాటే. వాళ్లు తిన్నది రాగి, చెనక్కాయ పండే వానాధారపు చేలలోది. పుల్లగూర పుట్టింది మందు లేని నేలలో, ఆ నేల లేకుండా ఆ పేరుతో చేసే వంటలో ఆకు ఒకటే మిగులుతుంది, భరోసా మిగలదు. జహీరాబాద్ ప్రాంతంలో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ మహిళా రైతులు విత్తకుండానే వచ్చే ఆకుకూరలను పంటతో సమానంగా లెక్కలోకి తెచ్చారు. రసాయనాలు వాడని, పలు పంటలు కలిపి వేసే చేలు ఉన్నాయి కాబట్టే వాళ్లకది సాధ్యపడింది. టమాటాతోనే బతుకు సాగే మీ ప్రాంతంలో మందు మానేయమని చెప్పడం నాకు న్యాయంగా తోచదు. గాలివాటానికి తుంపర చేరనంత దూరంలో, పెరట్లో, రెండు మంచాలంత మడి ఆకులకు కేటాయించండి. పొన్నగంటి కొమ్మ గుచ్చితే చాలు, బచ్చలి కంచెకు పాకుతుంది. దొగ్గలి, చుక్కాకు విత్తనం మాత్రం ఒకేసారి చల్లకుండా మూడు వారాలకోసారి కొంచెం కొంచెంగా చల్లుకుంటే ఎప్పుడూ లేతాకు దొరుకుతుంది.