వేడికి పలచనయ్యే నూనె

చలికాలం పొద్దున్నే ఆముదం సీసా వంచి చూడండి. ధార మెల్లగా, బద్ధకంగా దిగుతుంది. అదే సీసాను కాసేపు వేడినీళ్ల గిన్నెలో నిలబెట్టి మళ్లీ వంచండి. గబగబా పడుతుంది. సీసా అదే, ఆముదం అదే. మారింది వేడి ఒక్కటే.

బెల్లం పాకం పట్టే అక్కలకు ఈ సంగతి కొత్తేం కాదు. పొయ్యి మీద జారుడుగా ఉన్న పాకం, దించాక ఆరేకొద్దీ గరిటెను వదలదు.

ఇలా తొందరగా పారనీయకుండా పట్టి ఉంచే గుణాన్ని మనం చిక్కదనం అంటాం. బడి పుస్తకాల్లో దీని పేరు స్నిగ్ధత. ఒత్తులున్న మాట. స్నిగ్-ధ-త. ఇంకోసారి మెల్లగా చదవండి. ఈ పాఠంలో మాత్రం చిక్కదనం అనే రాస్తాను, అది మన మాట గదా.

చిక్కదనం అంటే బరువు అనుకోకండి. ఆముదం నీళ్లకంటే ఎంతో చిక్కన. అయినా నీళ్లలో పోస్తే పైకే తేలుతుంది.

వేడికి నూనె ఎందుకు పలచబడుతుంది? నూనెలో కంటికి కనపడని అణువులు ఉంటాయి. అవి ఒకదాన్నొకటి పట్టుకొని ఉంటాయి. వేడి తగిలితే వాటి కదలిక పెరుగుతుంది. పట్టు సడలుతుంది. నూనె జారుతుంది.

ఇప్పుడు ఇంజను దగ్గరికి వద్దాం. మన ఊళ్లలో బావుల దగ్గర కరెంటు మోటార్లే ఎక్కువ. అయినా వాగులోంచి, కాలువలోంచి నీళ్లు తోడే డీజిల్ ఇంజన్లు ఇంకా ఉన్నాయి. ట్రాక్టర్లు ఉన్నాయి. వీటి లోపల పోసే నూనె ఒక కందెన. బండి ఇరుసుకు కందెన ఎందుకు పెడతామో, దీన్నీ అందుకే పోస్తాం. ఇనుము చూడటానికి నున్నగానే ఉంటుంది. కాని దాని మీద కంటికి ఆనని ఎగుడుదిగుళ్లు ఉంటాయి. ఇనుమూ ఇనుమూ ఒరుసుకుంటే అరుగుతాయి, వేడెక్కుతాయి. నడుమ పల్చటి నూనె పొర ఉంటే ఒకటి ఇంకొకదాన్ని తాకదు. పిస్టను, లైనరు, బేరింగు అన్నీ ఆ పొర మీదనే నడుస్తాయి.

చల్లగా ఉన్నప్పుడు నూనె చిక్కన. హ్యాండిల్ తిప్పడం కష్టం. నూనె పైదాకా ఎక్కడానికి కూడా కొంత సేపు పడుతుంది. అందుకే స్టార్టు చేయగానే జోరు పెంచకూడదు. ఒక నిమిషం ఊరికే నడవనివ్వాలి.

అసలు ప్రమాదం రెండో వైపు ఉంది. ఇంజను బాగా వేడెక్కితే నూనె మరీ పలచనవుతుంది. పొర తెగుతుంది. పొర తెగితే ఇనుము ఇనుమును తాకుతుంది. తాకితే రాపిడి. రాపిడితో ఇంకా వేడి. ఆ వేడికి నూనె ఇంకా పలచన. ఒకదాన్ని ఒకటి ఎగదోస్తుంటాయి. చివరికి పిస్టను లైనరులో బిగుసుకుపోతుంది. ఇంజను పట్టేసింది అంటారే, అదే ఇది. నాట్లు వేసి నీళ్ల కోసం చూస్తున్న రోజుల్లో పట్టేస్తే ఏమవుతుందో రైతుకు చెప్పనక్కరలేదు. పిస్టను, లైనరు మార్చాలి. అవి వచ్చేదాకా మడి ఆగదు.

కాబట్టి ఇంజనును చల్లబరిచే నీళ్లు సరిగా వస్తున్నాయా అని నడుమ నడుమ చూడాలి. ఆ గొట్టంలో ఆకో, నాచో అడ్డం పడితే పైన చెప్పిన కథ మొదలైనట్టే. నూనెలో డీజిల్ కారి కలిసినా అది పలచబడుతుంది. కొలిచే పుల్ల తీసి వాసన చూడండి, తెలుస్తుంది.

డబ్బా మీద అంకెలు చదువుదాం. ‘ఎస్.ఏ.ఇ. 40’ అని ఉంటుంది. ఎస్.ఏ.ఇ. అంటే అమెరికాలో మోటారు ఇంజనీర్లు 1905లో పెట్టుకున్న సంఘం. 40 అంటే 40 డిగ్రీలు కాదు. చాలామంది అలాగే అనుకుంటారు. 100 డిగ్రీల వేడి దగ్గర ఆ నూనె ఎంత చిక్కగా ఉంటుందో చెప్పే గుర్తు అది. 30 కంటే 40 చిక్కన, 40 కంటే 50 చిక్కన. మంచిదీ చెడ్డదీ అని కాదు.

‘20డబ్ల్యు-40’ అని ఉంటే? డబ్ల్యు అంటే ఇంగ్లీషులో చలికాలానికి గుర్తు. ఆ నూనె చలిలో 20డబ్ల్యు నూనెలా పారుతుంది, వేడిలో 40 నూనెలా నిలుస్తుంది. దానిలో ఒక మందు కలుపుతారు. అది చల్లగా ఉన్నప్పుడు ముడుచుకొని ఉంటుంది, వేడికి విచ్చుకుంటుంది. ఆ నూనె కూడా వేడికి పలచబడుతుంది. కాకపోతే తక్కువ.

“ఎండాకాలం కదా, ఇంకా చిక్కటిది పోస్తే మేలు కాదా?” అని కొందరన్నలు అడుగుతారు. రెంటచింతలలో, రామగుండంలో ఎండ 45 డిగ్రీలు దాటిన రోజులున్నాయి, నిజమే. కాని నడుస్తున్న ఇంజనులో నూనె 90, 100 డిగ్రీల దాకా వేడెక్కుతుంది. దాని ముందు ఎండ ఎంత? 40 నంబరు నూనె 40 డిగ్రీల దగ్గర ఉన్న చిక్కదనంలో, 100 డిగ్రీలకు వచ్చేసరికి సుమారు పదో వంతే మిగులుతుంది. కంపెనీవాళ్లు ఇదంతా లెక్క చూసే నంబరు చెబుతారు. ఇంజనుతో ఇచ్చిన పుస్తకంలో ఆ నంబరు ఉంటుంది. ఇప్పుడు మీకు చదువు వచ్చు, ఎవరినీ అడగక్కరలేదు.

మన మహబూబ్‌నగర్, నల్లగొండ చెలకల్లో పండే ఆముదానికి కూడా ఇంజన్లతో చుట్టరికం ఉంది. 1914లో మొదలైన మొదటి ప్రపంచ యుద్ధంలో ఎన్నో విమానాల ఇంజన్లకు ఆముదమే కందెన. వేడిలో కూడా అది బాగా చిక్కగా ఉంటుంది. కాస్ట్రాల్ అనే నూనె పేరు ఆముదం ఇంగ్లీషు పేరు నుంచే వచ్చింది. అలాగని ఇంట్లో ఆముదం తెచ్చి ఇంజనులో పోసేరు! అది మామూలు ఇంజను నూనెతో సరిగా కలవదు, పోనుపోను బంకలా అంటుకుంటుంది.

చిక్కదనం కొలవాలంటే పెద్ద సామాను అక్కరలేదు. ఒక చిన్న డబ్బా అడుగున మేకుతో చిల్లు పెట్టండి. చిల్లును వేలితో మూసి ఆముదం పోయండి. వేలు తీసి, కింద చిన్న గ్లాసు నిండేదాకా ఒకటి, రెండు అని లెక్కపెట్టండి. ఆ అంకె రాసుకోండి. తర్వాత అదే ఆముదాన్ని వేడినీళ్ల గిన్నెలో పెట్టి, గోరువెచ్చగా అయ్యాక మళ్లీ చేయండి. ఆముదాన్ని నేరుగా పొయ్యి మీద పెట్టకండి. రెండు అంకెలూ పక్కపక్కన రాస్తే తేడా మీకే కనపడుతుంది. ఇంజనీరింగు కాలేజీల్లో రెడ్‌వుడ్ అనే పరికరం ఉంటుంది. దానిలో చేసేదీ ఇదే. 50 మిల్లీలీటర్ల నూనె చిన్న రంధ్రంలోంచి దిగడానికి ఎన్ని సెకన్లు పట్టిందో చూస్తారు.

పాత నూనె మార్చేటప్పుడు కూడా ఈ గుణం పనికొస్తుంది. ముందు ఇంజనును కాసేపు నడిపి ఆపండి. వెచ్చబడ్డ నూనె పలచనై, అడుగున చేరిన మడ్డితో సహా జారిపోతుంది. చల్లగా ఉండగా బిరడా విప్పితే సగం మడ్డి లోపలే ఉండిపోతుంది. మరీ కాలుతుండగా మాత్రం విప్పకండి, చెయ్యి బొబ్బలెక్కుతుంది.