ఫోన్ నంబరు పాస్‌వర్డ్ కాదమ్మా

విజయవాడ

చిరంజీవి సౌమ్యకు పెదనాన్న ఆశీస్సులు.

కొత్త ఫ్లాట్‌లో నెట్ పెట్టించుకున్నావని, వైఫై పాస్‌వర్డ్‌గా నీ ఫోన్ నంబరే ఉంచావని మీ అమ్మ చెప్పింది. గుర్తుంటుందని చాలామంది చేసే పనే. కానీ ఈ ఆదివారమే దాన్ని మార్చెయ్.

పాస్‌వర్డ్ దొంగ మీ గుమ్మం దగ్గర కూర్చుని ఒక్కొక్కటే కొట్టి చూడడు. నీ ఫోను రౌటరుకు కలిసేటప్పుడు తమకు పాస్‌వర్డ్ తెలుసని రెండూ ఒకదానికొకటి రుజువు చూపుకుంటాయి. దాన్నే హ్యాండ్‌షేక్ అంటారు. అందులో పాస్‌వర్డ్ ఉండదు గానీ, ఊహించినది సరైనదో కాదో తేల్చుకోవడానికి అది చాలు. దాన్ని గాల్లోంచి పట్టుకుని ఇంటికెళ్లి, తీరిగ్గా కంప్యూటరుతో ఊహింపజేస్తాడు. ఆ సంగతి నీ రౌటరుకు తెలియనే తెలియదు.

మన మొబైల్ నంబర్లు పది అంకెలు, మొదటిది 6 నుంచి 9 లోపే. అంటే మొత్తం 400 కోట్లు. ఇప్పటి మంచి గ్రాఫిక్స్ కార్డు సెకనుకు పది లక్షలకు పైగా ఊహలు సరిచూస్తుంది. గంటా గంటన్నరలో నీ నంబరు దొరికిపోతుంది. 2021లో ఇడో హూర్విచ్ అనే పరిశోధకుడు టెల్ అవీవ్ వీధుల్లో తిరిగి 5,000 వైఫైల సమాచారం సేకరిస్తే, 3,500కు పైగా పాస్‌వర్డ్‌లు బయటపడ్డాయి. వాటిలో ఎక్కువ భాగం ఫోన్ నంబర్లే!

కొత్త పాస్‌వర్డ్‌కి ఒకదానితో ఒకటి పొంతన లేని నాలుగైదు తెలుగు మాటలు ఏరుకుని ఇంగ్లీషు అక్షరాల్లో కలిపి రాయి. 63 అక్షరాల దాకా పెట్టుకోవచ్చు, ఇరవై దాటితే మేలు. సినిమా డైలాగులు, దేవుళ్ల పేర్లు, పుట్టినరోజులు వద్దు. ఆ పాస్‌వర్డ్‌ను కాగితం మీద రాసి బీరువాలో పెట్టుకున్నా తప్పులేదు. ఈ దొంగ బీరువా దాకా రాడు.

రౌటరు సెట్టింగుల్లో డబ్ల్యూపీఎస్, అంటే పాస్‌వర్డ్ కొట్టకుండా పిన్‌తో కలిపే సదుపాయం, ఆపెయ్. దాని పిన్ ఎనిమిది అంకెలే అయినా రౌటరు రెండు ముక్కలుగా సరిచూస్తుంది కాబట్టి 11,000 ప్రయత్నాల్లో దొరుకుతుందని 2011లోనే బయటపడింది. వైఫై భద్రతా పద్ధతుల్లో కొత్తదైన డబ్ల్యూపీఏ3 ఉంటే అదే పెట్టు. అందులో ఇలా పట్టుకెళ్లి ఊహించే వీలు లేదు. పాత ఫోన్ల కోసం పాత పద్ధతి డబ్ల్యూపీఏ2 కూడా ఉంచాల్సి వస్తే, పొడుగు పాస్‌వర్డే నీకు రక్ష. రౌటరు అడ్మిన్ పాస్‌వర్డ్ కూడా మార్చు, అది వేరేగా ఉండాలి. వైఫై పేరు దాచిపెట్టడం వల్ల మాత్రం ఒరిగేదేమీ లేదు.

పక్క ఫ్లాటు వాళ్లు అడిగితే కాదనడానికి నీకు మొహమాటమని తెలుసు. వాళ్లకు గెస్ట్ నెట్‌వర్క్ ఇవ్వు, నీ అసలు పాస్‌వర్డ్ ఇవ్వకు.

ఇంత చాదస్తం ఎందుకంటావా? 2008 అహ్మదాబాద్ పేలుళ్లప్పుడు వచ్చిన బెదిరింపు మెయిల్, నవీ ముంబైలో ఉంటున్న ఒక అమెరికన్ ఇంటి వైఫై నుంచి వెళ్లినట్టు తేలింది. పోలీసులు ముందు ఆయన్నే ప్రశ్నించారు. కనెక్షన్ ఎవరి పేరున ఉంటే జవాబు వాళ్లే చెప్పుకోవాలి.

పాస్‌వర్డ్ మార్చగానే టీవీ, ఫోన్లు అన్నీ తెగిపోతాయి, కంగారు పడకు. మీ అమ్మ ఫోను ముందు కలుపు, లేకపోతే సాయంత్రం సీరియల్ వేళకి నాకు ఫోన్ వస్తుంది.

ఇట్లు
మీ పెదనాన్న